వంటల పుస్తకం రాసినావిడకి సభ ఎందుకంటారా?

ఇది కొంచెం పొడుగు పోస్టు. ఓపిక ఉన్నవాళ్ళు ఇప్పుడే చదవండి, లేనివాళ్ళు రాత్రి భోజనాలయ్యాక చదవండి. చదవకుండా బొటనవేలు గుర్తు మాత్రం పెట్టి వెళ్ళిపోకండి, అది మాకు తెలిసిపోతుంది.

సంగతి మీకు తెలిసిందే. ఈసారి ఉగాది సభలో మహిళల గంటను మాలతీ చందూర్ గారి పేరు మీద పెడదామని మహిళా విభాగం తరఫున మేము అడిగాం. గ్రూపులో రెండు రకాల జవాబులొచ్చాయి. మొదటిది ఎగతాళి: సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు పుట్టిన తిరుత్తణిలో వంటల పుస్తకం రాసినావిడకి సభా అని. రెండోది మర్యాదగానే వచ్చింది: ఆ గంట ఒక పాత్రల కంపెనీకి ఇచ్చేస్తే పందిరి ఖర్చు వాళ్ళే పెట్టుకుంటారు, వాళ్ళమ్మాయి వచ్చి వేదిక మీద వంట చేసి చూపిస్తుంది, ఆడవాళ్ళకి కాలక్షేపం, సంఘానికి డబ్బు మిగులు అని.

ఈ రెండూ ఒకే మాట అంటున్నాం మేము. ఇంటిపని నేర్పే మనిషికి విలువ లేదని ఒకరన్నారు. విలువ లేదు కనుక ఆ గంటను అమ్ముకోవచ్చని ఇంకొకరన్నారు. అంతే తేడా.

ముందు రాధాకృష్ణన్ గారి మాట. ఆయన 1888 సెప్టెంబరు 5న మన తిరుత్తణిలో పుట్టారు, రాష్ట్రపతి అయ్యారు, ఆయన పుట్టినరోజే దేశానికి ఉపాధ్యాయ దినోత్సవం. దండ వేస్తాం, ఏటా వేస్తూనే ఉన్నాం. ఆ దండలు కట్టేది ఎవరో కూడా ఒకసారి అడగండి. కానీ ఉపాధ్యాయ దినోత్సవం జరుపుకునే ఊరివాళ్ళం, ఉపాధ్యాయుడంటే తత్త్వశాస్త్రం చెప్పేవాడే అనుకుంటే ఎలా? ఎసరుకి నీళ్ళెన్ని పోయాలో, పాలు తాగని పసిబిడ్డను ఏం చేయాలో, మొగుడు జీతం ఇవ్వకపోతే ఎవరితో చెప్పుకోవాలో చెప్పిన మనిషిది కూడా ఉపాధ్యాయ వృత్తే. ఆ వృత్తిని ఒకావిడ మద్రాసులో కూర్చుని సుమారు యాభై ఏళ్ళు చేశారు.

మాలతీ చందూర్ గారు కృష్ణా జిల్లా నూజివీడులో పుట్టారు. పెళ్ళయ్యాక భర్త ఎన్.ఆర్.చందూర్ గారితో మద్రాసు వచ్చేశారు. ఆయన కూడా రచయితే, 'జగతి' పత్రిక నడిపారు. ఇక ఆవిడ జీవితమంతా ఆ ఊళ్ళోనే. 1952లో ఆంధ్రప్రభ వారపత్రికలో 'ప్రమదావనం' మొదలుపెట్టారు. అప్పుడు ఆ పత్రిక వచ్చేదే మద్రాసు నుంచి. పాఠకులు ఉత్తరాలు రాసేవాళ్ళు, ఆవిడ జవాబులిచ్చేవారు. వంట, ఆరోగ్యం, పిల్లల పెంపకం, ఇంటి బడ్జెట్టు, అత్తాకోడళ్ళ గొడవలు, ఎక్కడో ఆఫ్రికాలో జరిగిన సంగతులు, ఏదడిగినా జవాబు ఉండేది. వంటలు, పిండివంటల మీద ఆవిడ పుస్తకం ఎన్నిసార్లు అచ్చయిందో లెక్క కట్టడం ప్రకాశకులకే కష్టం. కొత్తగా కాపురానికి వెళ్ళే పిల్ల పెట్టెలో పట్టుచీర కింద ఆ పుస్తకం పెట్టి పంపిన తల్లులు మన సంఘంలో ఇప్పటికీ ఉన్నారు. కాదనేవాళ్ళు ఇంటికెళ్ళి మీ అమ్మగారినో పెద్దమ్మనో అడిగి రండి.

ఆవిడకి 1992లో 'హృదయనేత్రి' నవలకు కేంద్ర సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది. ఈ మాట చెబితే ఎగతాళి చేసినాయన వెంటనే మెత్తబడతాడని మాకు తెలుసు. అందుకే చివర చెబుదామనుకున్నాం, చేతులాగక ఇక్కడే చెప్పేశాం. కానీ అవార్డు చూపించి మిమ్మల్ని ఒప్పించడం మాకు ఇష్టం లేదు. నవలకి అకాడమీ ఇవ్వాల్సింది ఇచ్చింది. మేము బాకీ ఉన్నది ఆ శీర్షికకు, ఆ వంటల పుస్తకానికి. నవల రాసింది కాబట్టి వంటల పుస్తకాన్ని క్షమిద్దాం అనే పెద్దమనిషితనం మాకొద్దు.

ఇంకో సంగతి చూడండి. 1952లో ఆ శీర్షిక మొదలైనప్పుడు మన తిరుత్తణి చిత్తూరు జిల్లాలో, మద్రాసు రాష్ట్రంలో ఉంది. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం వచ్చింది, చిత్తూరు జిల్లాతో పాటు మనమూ అటు పోయాం. 1960 ఏప్రిల్ 1న సరిహద్దుల సర్దుబాటులో తిరుత్తణి తాలూకా, పళ్ళిపట్టు ఇటు మద్రాసు రాష్ట్రానికి వచ్చాయి. మనం చెంగల్పట్టు జిల్లా వాళ్ళమయ్యాం. 1969లో రాష్ట్రం పేరు తమిళనాడు అయింది. 1997లో జిల్లా పేరు తిరువళ్ళూరు అయింది. ఎవరూ ఇల్లు కదల్లేదు, పొయ్యి కదల్లేదు, అడ్రసు మాత్రం ఇన్నిసార్లు మారింది. ఇన్ని మార్పుల మధ్య వారం వారం తెలుగులో మన ఆడవాళ్ళతో మాట్లాడిన మనిషి ఎవరు? రాష్ట్రం ఇటు వచ్చాక మనల్ని తలుచుకున్న హైదరాబాదు నాయకులు ఎంతమందో మీరే లెక్కపెట్టండి, మాకు వేళ్ళు మిగిలిపోతున్నాయి.

అలాగని ఆవిడ రాసిందంతా మన వంటిల్లేనని అనం. ఆవిడది కృష్ణా తెలుగు. ఉల్లిపాయ, వెల్లుల్లి, బంగాళాదుంప, పోపు. మనది ఎర్రగడ్డ, తెల్లగడ్డ, ఉర్లగడ్డ, తిరగవాత. మన సంగటి, ఊరిబిండి సంగతి మనమే రాసుకోవాల్సింది, మనం రాయలేదు. కానీ ఆ పుస్తకం చదవడం కోసమే అక్షరాలు కూడబలుక్కున్న ఆడవాళ్ళు మన వీధుల్లో ఉండేవారు. ఇప్పుడు మన మనవరాళ్ళు తెలుగు మాట్లాడతారు, చదవలేరు. 2006లో తమిళ బోధన చట్టం వచ్చాక ఒకటో తరగతి నుంచి మొదలై ఏడాదికో తరగతి చొప్పున పదో తరగతికి చేరింది. మినహాయింపు కోసం తెలుగు పిల్లల తల్లిదండ్రులు, సంఘాలు కోర్టుల చుట్టూ తిరగాల్సి వచ్చింది. తమిళం నేర్చుకోవద్దని మేము అనం, ఈ నేల మీద బతుకుతూ ఆ మాట అనడం సిగ్గులేనితనం. మాలతీ గారే తమిళ నవలలు తెలుగులోకి తెచ్చారు. తెలుగు బడిలో పోయింది, ఆఫీసులో ఎప్పుడో పోయింది, గుడిలో సగం పోయింది. ఇంకా మిగిలింది వంటింట్లో. చాట, చెరగడం, రుబ్బురోలు, పొత్రం, కవ్వం, ఉట్టి, సంగటి తెడ్డు. ఈ మాటలు పలికే నోళ్ళకి ఏడాదికొక గంట ఉంది. ఆ గంటను పందిరి ఖర్చు కింద అమ్మేస్తామంటున్నారు.

ఇప్పుడు పాత్రలు అమ్మే అమ్మాయి సంగతి. ఆ పిల్ల మీద మాకు కోపం లేదు. ఎవరింటి బిడ్డో, పొద్దున లోకల్ ట్రైనెక్కి అరక్కోణం నుంచో ఆవడి నుంచో వస్తుంది, రోజంతా నిలబడి దోసెలు పోసి చూపిస్తుంది, అమ్మిన పాత్రకింత అని ఇస్తారు. పెద్దవాళ్ళు చాలామంది ఆ పిల్లను పేరు పెట్టి కూడా పిలవరు, "ఏమ్మా, దోసమ్మాయ్" అంటారు. చేసి చూపించడం ఒక విద్య. మాట ఆగకూడదు, చెయ్యి వణక్కూడదు, మాడకూడదు. అది చేసేవాళ్ళను లోకం ఎంత చులకన చేసిందో, ఆ చులకన ఎంత తప్పో చెప్పడానికి ఒక కథ ఉంది, అమెరికాది.

అక్కడ టీవీ కొత్తగా వచ్చిన రోజుల్లో బెట్టీ ఫర్నెస్ అని ఒకావిడ ఉండేది. 1916లో న్యూయార్కులో పుట్టింది, 1930లలో సినిమాల్లో వేసింది. 1949లో టీవీ నాటకాల మధ్య వెస్టింగ్‌హౌస్ కంపెనీ ఫ్రిజ్‌లు, పొయ్యిలు తెరిచి చూపించే పనిలో చేరింది. అప్పుడంతా ప్రత్యక్ష ప్రసారమే, తప్పు జరిగితే మళ్ళీ తీసేది లేదు. 1952లో అక్కడి రెండు పార్టీల మహాసభలు టీవీలో రోజుల తరబడి వచ్చాయి. నాయకుల ప్రసంగాల మధ్యలో మళ్ళీ మళ్ళీ ఆవిడే వచ్చి ఫ్రిజ్ తలుపు తీసి చూపించేది. సభలు ముగిసేసరికి చాలామంది నాయకుల కంటే ఆవిడ ముఖమే జనానికి ఎక్కువ గుర్తు. 1960 దాకా అదే పని.

1954లో ఒకసారి ప్రత్యక్ష ప్రసారంలో ఫ్రిజ్ తలుపు ఎంత లాగినా రాలేదు. ఈ ముచ్చట ఇప్పటికీ చెప్పుకుంటారు, బెట్టీ ఫర్నెస్ పరువు పోయిందని నవ్వుకుంటారు. అసలు ఆ రోజు అక్కడ ఉన్నది ఆవిడ కాదు. బదులుగా వచ్చిన జూన్ గ్రహాం అనే ఇంకో నటి. మొరాయించింది కంపెనీ తలుపు, నవ్వులపాలైంది అక్కడ లేని ఆడమనిషి. మన ఇళ్ళలో కుక్కర్ గాస్కెట్ పాడై అన్నం ఉడక్కపోతే తిట్లు ఎవరికి పడతాయో తెలిసినవాళ్ళకి ఈ కథ కొత్తగా ఏమీ ఉండదు.

అసలు చెప్పాల్సింది తర్వాతిది. 1967లో అధ్యక్షుడు జాన్సన్ ఆవిడను వినియోగదారుల వ్యవహారాలకు తన ప్రత్యేక సహాయకురాలిగా వేసుకున్నాడు. ఫ్రిజ్‌లు అమ్మినావిడకి కొనేవాళ్ళ బాధ్యతా అని చాలామంది పెదవి విరిచారు. మన గ్రూపులో ఎగతాళి లాంటిదే. ఆవిడ పట్టించుకోకుండా పని నేర్చుకుంది. ఆవిడ ఆ పదవిలో ఉండగానే 1968లో అక్కడ ఒక చట్టం వచ్చింది. అప్పిచ్చేవాడు అసలు వడ్డీ ఎంత పడుతుందో కొనేవాడికి విప్పి చెప్పి తీరాలి. తర్వాత న్యూయార్కు రాష్ట్రంలో, నగరంలో ఇలాంటి పదవులే చేసింది. ఆపైన మళ్ళీ టీవీకే వెళ్ళింది, ఈసారి వస్తువుల లోపాలు, అమ్మేవాళ్ళ మోసాలు బయటపెట్టడానికి. అదే ముఖం, అదే గొంతు. మారింది ఒక్కటే, ఆవిడ ఎవరికి జవాబుదారీ అన్నది. ముందు కంపెనీకి, తర్వాత కొనేవాళ్ళకి.

మాలతీ చందూర్ గారు మొదటి నుంచీ ఉత్తరం రాసిన మనిషికే జవాబుదారీ. అందుకే ఆవిడ పేరు పెట్టమంటున్నాం.

పోయిన ఏడాది మన పందిట్లోనే ఏం జరిగిందో మరిచిపోయినట్టున్నారు. కంపెనీ పేరు రాయం, రాస్తే అదో తలనొప్పి. అంటుకోని పాత్రల సెట్టు చూపించారు, నూనె లేకుండా గుడ్డు వేసి గాల్లోకి ఎగరేశారు, మన పిల్లలు చప్పట్లు కొట్టారు. వాయిదాల్లో కట్టుకోవచ్చన్నారు, వడ్డీ లేదన్నారు. పది మందికి పైగా మనవాళ్ళు తీసుకున్నారు. వడ్డీ లేని మాట నిజమే, కానీ కాగితాల ఖర్చని ముందే పట్టుకున్నారు, నగదు ధరకీ వాయిదా ధరకీ తేడా ఎవరూ చెప్పలేదు. మూడు నెలలకి పూత లేచింది. కార్డు మీది ఫోన్ నంబరుకి చేస్తే ఎత్తేవాడు లేడు. ఒక ఇంట్లో చెవి కమ్మలు కుదువ పెట్టి కట్టారు, ఆ సంగతి మొగుడికి తెలిసి రెండు వారాలు ఇంట్లో మాటల్లేవు. ఆ అంగడివాడిని ఆవిడ నమ్మింది వాడి ముఖం చూసి కాదు. వెనక మన సంఘం బ్యానరు ఉంది, పక్కన మన పెద్దలు కూర్చున్నారు. మనల్ని చూసి నమ్మింది. పందిరి ఖర్చు మిగిలిందని ఆ ఏడాది లెక్కల్లో రాసుకున్నాం. ఆ మిగులు ఎవరి కమ్మల్లోంచి వచ్చిందో లెక్కల్లో రాయలేదు.

చట్టం మన వైపు లేదా అంటే, ఉంది. 2019 వినియోగదారుల రక్షణ చట్టంలో తప్పుదారి పట్టించే ప్రకటన చేసినవాళ్ళకీ, దాన్ని మెచ్చుకుని ప్రచారం చేసినవాళ్ళకీ 10 లక్షల దాకా జరిమానా వేయవచ్చు, మళ్ళీ చేస్తే 50 లక్షల దాకా. 2022 జూన్‌లో కేంద్రం ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం ఒక వస్తువును మెచ్చుకుంటున్న మనిషికి ఆ కంపెనీతో డబ్బు సంబంధం ఉంటే ఆ మాట బయటికి చెప్పాలి. ప్రెషర్ కుక్కర్‌కి ఐఎస్ఐ గుర్తు 2021 ఫిబ్రవరి నుంచి తప్పనిసరి. ఆ గుర్తు లేని కుక్కర్లు అమ్మనిచ్చినందుకు 2022లో పెద్ద పెద్ద ఆన్‌లైన్ కంపెనీలకే లక్ష రూపాయల చొప్పున జరిమానా పడింది. ఫిర్యాదుకి జాతీయ నంబరు 1915. మన ఆడవాళ్ళలో ఎంతమందికి ఈ నంబరు తెలుసు? గుడ్డు గాల్లోకి ఎగరేయడం చూపించడానికి గంట ఇచ్చాం, ఈ నాలుగు ముక్కలు చెప్పడానికి అయిదు నిమిషాలు ఇవ్వలేదు.

వస్తువులంటే మాకు పడదని కొందరు అనొచ్చు. పడకపోవడమేమిటి? రుబ్బురోలు ముందు కూర్చున్న నడుములు మావి. 2011లో ప్రభుత్వం మిక్సీ, గ్రైండరు, ఫ్యాను ఉచితంగా ఇచ్చే పథకం మన తిరువళ్ళూరు జిల్లాలోనే మొదలుపెట్టినప్పుడు వరసలో నిలబడి తెచ్చుకున్నవాళ్ళం. రోలు గొప్పదని పాటలు పాడేది ఎప్పుడూ రోలు ముందు కూర్చోనివాళ్ళే. మిక్సీ రావాలి, ఇంకా మంచిది రావాలి. అది ఎన్ని వాట్లు, జారు పగిలితే ఎక్కడ దొరుకుతుంది, బాగుచేసేవాడు తిరుత్తణిలో ఉన్నాడా, మద్రాసు పోవాలా, ఇవి అడిగితే చెప్పే మనిషి కూడా దాంతో పాటు రావాలి.

మన అమ్మాయిల్లో ఒకరిద్దరు ఇంకో అభ్యంతరం చెప్పారు, అది ఎగతాళి లాంటిది కాదు, దానికి జవాబు చెప్పాలి. మహిళల గంట అంటే మళ్ళీ వంటేనా, చదువుకుని ఉద్యోగాలు చేస్తున్న మమ్మల్ని తీసుకెళ్ళి పొయ్యి దగ్గర నిలబెడతారా అన్నారు. అమ్మా, న్యాయమైన కోపమే. ప్రమదావనం అంతా వంటే అయితే మేమూ మీ పక్షమే. ఆ శీర్షిక వంటతో పాటు లోకాన్ని ఇంట్లోకి తెచ్చింది. ఆవిడే ఇంగ్లీషు నవలల కథలు 'పాత కెరటాలు' పేరుతో తెలుగు ఆడవాళ్ళకి పరిచయం చేశారు, ఊరు దాటని మనిషికి టాల్‌స్టాయ్ పేరు తెలిసింది. ఇక పొయ్యి సంగతి అంటారా, ఆ గంటకి మగవాళ్ళు కూడా రావాలని మేము అడుగుతున్నాం. కుర్చీలు వెనక్కి లాక్కుని టీ తాగుతూ కాదు, ముందు వరసలో. ఎసరు అంటే ఏమిటో తెలియని కార్యవర్గ సభ్యులు మనకి కనీసం ముగ్గురున్నారు, పేర్లు రాయం, వాళ్ళకి తెలుసు.

కాబట్టి వచ్చే ఆదివారం కార్యవర్గ సమావేశంలో మేము పెట్టబోయేది ఇది. ఉగాది సభలో మహిళల గంట మాలతీ చందూర్ గారి పేరు మీద జరగాలి, తెలుగులో జరగాలి. అందులో మొదటి సగం మన పెద్దావిడలు చేసి చూపిస్తారు. ఊరిబిండి ఒకరు, సంగటి ఒకరు, ఇంకొకరు ఏం చేస్తారో వాళ్ళిష్టం. పక్కన ఒక పిల్ల కూర్చుని ప్రతి వస్తువు పేరు, ప్రతి పని పేరు వాళ్ళ నోట వచ్చినట్టే రాసుకుంటుంది, ఫోనులో రికార్డు చేస్తుంది. రెండో సగం ప్రశ్నలు, జవాబులు. చీటీ మీద పేరు లేకుండా ఏదైనా రాసి పెట్టెలో వేయొచ్చు, వంట గురించే కానక్కర్లేదు. జవాబు చెప్పడానికి మన సభ్యుల్లోంచే ఒక నర్సు, ఒక బ్యాంకు ఉద్యోగి, ఒక వకీలు ఒప్పుకున్నారు.

పాత్రల కంపెనీ వాళ్ళు వస్తామంటే పందిరి బయట బల్ల వేసుకోవచ్చు. మూడు షరతులు: డబ్బిచ్చి వచ్చామని బోర్డు మీద రాయాలి, నగదు ధర, వాయిదా ధర రెండూ పక్కపక్కన రాయాలి, బాగుచేసేవాడి చిరునామా ఇవ్వాలి. దోసెలు పోసే అమ్మాయికి కుర్చీ, భోజనం సంఘం పెట్టాలి. కంపెనీ పెట్టదు, మాకు తెలుసు.

పందిరి ఖర్చు ఎలాగని మళ్ళీ అడుగుతారు. మహిళా విభాగంలో ఇరవై రెండు మందిమి తలా అయిదు వందలు వేసుకున్నాం. రసీదు పుస్తకం కోశాధికారి గారికి నిన్న సాయంత్రమే అందింది. తక్కువ పడితే ఎగతాళి చేసినాయన దగ్గరికి ముందు వస్తాం.